లోతు చెప్పే కథ!

త్రీడీ సినిమా అనగానే బాణాలూ బంతులూ రాళ్లూ మీదికి దూసుకురావడమే చాలామందికి గుర్తొస్తుంది. కానీ మంచి యానిమేషన్ సినిమాల్లో ఆ లోతు అంత అల్లరేమీ చేయదు. ముసలాయన ఒంటరితనాన్నీ, బొమ్మల భయాన్నీ, ఓ చిన్నారి ఆశనీ... ఒక్క మాట కూడా లేకుండా చెప్పేసి ఊరుకుంటుంది!

ఓ కన్ను మూసుకుని సూదిలో దారం ఎక్కించి చూడండి. రోజూ చేసే పనే. అయినా దారం సూది బెజ్జానికి ముందు నుంచో వెనక నుంచో జారిపోతుంది. రెండో కన్ను తెరిస్తే చాలు, పని సులువైపోతుంది. పెద్దవాళ్లలో రెండు కళ్ల మధ్య ఎడం సగటున ఆరు సెంటీమీటర్ల పైచిలుకు. ఆ కాస్త ఎడం వల్లే ఎడమ కన్ను చూసే దృశ్యానికీ కుడి కన్ను చూసే దృశ్యానికీ చిన్న తేడా ఉంటుంది. ఆ తేడాని మెదడు క్షణంలో లెక్కగట్టి ‘ఇది దగ్గర... అది దూరం’ అని తేల్చేస్తుంది. ఈ కిటుకుని 1838లో ఛార్లెస్ వీట్‌స్టన్ అనే బ్రిటిష్ శాస్త్రవేత్త అద్దాల సాయంతో నిరూపించాడు. రెండు చదునైన బొమ్మల్ని ఒక్కో కంటికి ఒక్కోటి చూపిస్తే మెదడు వాటిని కలిపి లోతున్న ఒకే బొమ్మగా చూస్తుందని చూపాడాయన. త్రీడీ సినిమాలన్నిటికీ మూలం అదే.

ఇక్కడో చిన్న తికమక ఉంది. కంప్యూటర్‌లో తయారయ్యే యానిమేషన్‌ని కూడా త్రీడీ అనే అంటారు. 1995లో వచ్చిన ‘టాయ్ స్టోరీ’ పూర్తిగా కంప్యూటర్ మీద తయారైన మొదటి నిడివి సినిమా. అందులోని బొమ్మలకి కంప్యూటర్ లోపల పొడవూ వెడల్పూ లోతూ అన్నీ ఉన్నాయి. కానీ థియేటర్లో చూసినవాళ్లకి కనిపించింది మాత్రం మామూలు చదును బొమ్మే. కళ్లజోడు పెట్టుకుని చూసే లోతు వేరే సంగతి. దానికి రెండో కన్ను కావాలి... అంటే రెండో కెమెరా కావాలి. కంప్యూటర్ లోకంలో కెమెరా కూడా ఓ లెక్కే కాబట్టి, మొదటి దాని పక్కన ఇంకోటి పెట్టడం కష్టమేం కాదు. దాన్ని ఎంత ఎడంగా పెట్టాలన్న దగ్గరే అసలు కథంతా ఉంది.

తెర కాదు... కిటికీ!

త్రీడీ తీసేవాళ్లు తెరని ఓ కిటికీలా చూస్తారు. కిటికీకి ఇవతల ఉన్నది ప్రేక్షకుల గది. అవతల ఉన్నది కథ లోకం. వస్తువుని కిటికీ దగ్గరే ఉంచొచ్చు, దాటించి మన ఒళ్లోకి తేవచ్చు, అవతల మైళ్ల దూరానికి నెట్టేయొచ్చు. రెండు కెమెరాల మధ్య ఎడం పెరిగితే లోతు పెరుగుతుంది. తగ్గితే దృశ్యం చదునైపోతుంది. ఎడం సున్నా అయితే అది మామూలు సినిమానే.

పాతకాలం త్రీడీ సినిమాల దృష్టంతా కిటికీకి ఇవతలి వైపే. 1953లో వచ్చిన ‘హౌస్ ఆఫ్ వ్యాక్స్’లో ఓ మనిషి చెక్కబ్యాటుకి రబ్బరు తాడుతో కట్టిన బంతిని ప్రేక్షకుల ముఖాల మీదికే కొడుతుంటాడు. మన దేశంలో మొదటి త్రీడీ సినిమా 1984 నాటి మలయాళ చిత్రం ‘మై డియర్ కుట్టిచాతన్’. అది చూసిన పిల్లలు తెరలోంచి వచ్చిన వస్తువుల్ని పట్టుకోబోయి ఖాళీ గాలిని గుప్పిట పట్టి నవ్వుకున్నారు. ఆ సరదాని తీసిపారేయక్కర్లేదు. తిరునాళ్లలో రంగులరాట్నం ఎక్కినంత ఆనందం అది. కాకపోతే రంగులరాట్నం కథ చెప్పదు. మీదికి బంతి వచ్చిన ప్రతిసారీ ప్రేక్షకుడు ‘అరె, నేను సినిమా చూస్తున్నాను కదా’ అని గుర్తు తెచ్చుకుంటాడు. పాత్రతోపాటు నడుస్తున్నవాడు కాస్తా మళ్లీ కుర్చీలోకి వచ్చి పడతాడు.

2009లో డ్రీమ్‌వర్క్స్ వాళ్లు ‘మాన్‌స్టర్స్ వర్సెస్ ఏలియన్స్’ తీసినప్పుడు ఆ చెక్కబ్యాటు బంతినే మొదట్లో ఓసారి వాడుకున్నారు, పాత సినిమాకి నమస్కారం పెట్టినట్టుగా. ఆ ముచ్చట తీరాక లోతుని కథకి అప్పగించేశారు.

గాలిబుడగల ఇల్లు

లోతు కథకి ఎలా పనిచేస్తుందో తెలుసుకోవాలంటే పిక్సర్ వాళ్ల ‘అప్’ చూడాలి. అదీ 2009లో వచ్చిందే. కార్ల్ అనే ముసలాయన. భార్య ఎలీ చనిపోయింది. పిల్లల్లేరు. చుట్టూ పెద్దపెద్ద భవనాలు లేస్తుంటే వాటి మధ్య ఆయన పాత ఇల్లొక్కటే మొండిగా నిలబడి ఉంటుంది. పొద్దున్నే లేవడం, కర్ర పట్టుకుని వరండాలో కూర్చోవడం, ఎలీ కుర్చీ వైపు చూడడం... అంతే ఆయన లోకం.

ఆ లోకాన్ని లోతు లేకుండా చూపించాలనుకున్నారు దర్శకుడు పీట్ డాక్టర్, త్రీడీ బాధ్యత చూసిన బాబ్ వైట్‌హిల్. కార్ల్ ఇంట్లో ముడుచుకుని ఉన్నంతసేపూ కెమెరాల మధ్య ఎడం తగ్గించేశారు. గోడలూ కుర్చీలూ ఆయనా అంతా దాదాపు ఒకే పొరలో అతుక్కుపోయినట్టు కనిపిస్తారు. గదిలో గాలాడదు. ఎందుకో ప్రేక్షకుడికి తెలియదు కానీ ఆ ఇరుకు మాత్రం తెలుస్తుంది. తర్వాత వేలాది గాలిబుడగలు ఇంటిని పైకి లేపుతాయి. అప్పుడు ఎడం పెరుగుతుంది. ఊరు కిందికి జారిపోతుంది, ఆకాశం వెనక్కి వెనక్కి వెళ్లిపోతుంది. ఇన్నాళ్లూ బిగబట్టిన ఊపిరి ఒక్కసారి వదిలినట్టుంటుంది. ఒక్క వస్తువు కూడా మన మీదికి దూసుకురాదు. మనమే కిటికీలోంచి అవతలికి తొంగిచూస్తాం.

ఆ ఏడాది కేన్స్ చిత్రోత్సవం ఈ సినిమాతోనే మొదలైంది. ఓ యానిమేషన్ సినిమాతో ఆ వేడుక ప్రారంభం కావడం అదే తొలిసారి. సూట్లూ గౌన్లూ వేసుకొచ్చిన అతిథులంతా త్రీడీ కళ్లజోళ్లు పెట్టుకుని వరుసగా కూర్చున్నారు. చూడ్డానికి నవ్వొచ్చే దృశ్యమే. కానీ వాళ్లు ఆ కళ్లజోళ్లలోంచి చూసింది భార్యని పోగొట్టుకున్న ఓ వృద్ధుడి బాధని.

పాత బొమ్మలకి కొత్త కన్ను

అదే ఏడాది పిక్సర్ ఇంకో పని చేసింది. ‘టాయ్ స్టోరీ’ మొదటి రెండు భాగాల్నీ త్రీడీలోకి మార్చి మళ్లీ విడుదల చేసింది. మామూలు సినిమాని త్రీడీ చేయాలంటే ప్రతి ఫ్రేములోనూ ఏది దగ్గర, ఏది దూరం అని ఊహించి కత్తిరించాలి. యానిమేషన్‌కి ఆ తిప్పలు లేవు. పాత ఫైళ్లు తెరిస్తే బొమ్మలన్నీ ఎక్కడివక్కడే ఉంటాయి. రెండో కెమెరా పెట్టి మళ్లీ చిత్రీకరిస్తే సరి. అయితే 1995 నాటి ఫైళ్లు కొత్త కంప్యూటర్లకి అర్థం కావు. వాటిని తిరిగి లేపి కూర్చోబెట్టడానికే నెలలు పట్టింది. ఓ రకంగా తవ్వకాల పనే!

కొత్తగా వచ్చిన ఆ లోతుని ఎక్కడ ఎంత వాడాలన్నదీ వైట్‌హిల్ కథనే అడిగాడు. బొమ్మలు తమ గదిలో, తమవాళ్ల మధ్య ఉన్నప్పుడు లోతు ఒద్దికగా, స్థిరంగా ఉంటుంది. అది వాళ్ల ఇల్లు, భయం లేని చోటు. గడప దాటి మనుషుల లోకంలో పడ్డారంటే మాత్రం లోతు ఒక్కసారి పెరిగిపోతుంది. పెట్రోలు బంకూ రోడ్డూ లారీ... అన్నీ అంతుచిక్కనంత పెద్దవిగా, దూరంగా కనిపిస్తాయి. తిరునాళ్లలో నాన్న వేలు వదిలేసిన పిల్లాడికి లోకం ఎలా కనిపిస్తుందో అలాగన్నమాట.

గోరంత... కొండంత!

కెమెరాల ఎడంతో ఇంకో మాయ కూడా జరుగుతుంది. కళ్ల మధ్య దూరం కన్నా కెమెరాల్ని చాలా ఎడంగా పెడితే ఊరంతా బొమ్మరిల్లులా కనిపిస్తుంది. బాగా దగ్గరగా పెడితే చిన్న రాయి కూడా కొండలా అనిపిస్తుంది. కారణం తేలికే. మెదడు ఎప్పుడూ తన కళ్ల ఎడంతోనే లెక్క వేస్తుంది. ఏనుగంత మనిషి కళ్లు ఎడంగా ఉంటాయి కాబట్టి వాడికి లోకం చిన్నది. చీమ కళ్లు దగ్గరగా ఉంటాయి కాబట్టి దానికి లోకం పెద్దది. ‘మాన్‌స్టర్స్ వర్సెస్ ఏలియన్స్’లో పెళ్లిరోజున ఉల్క మీద పడి దాదాపు 50 అడుగుల ఎత్తు పెరిగిపోయే సూసన్ లాంటి పాత్ర ఉంటే ఈ లెక్క ప్రతి షాట్‌లోనూ చూసుకోవాల్సిందే. లేకపోతే అంతెత్తు అమ్మాయి కూడా చేతిలో పట్టుకునే బొమ్మలా కనిపించే ప్రమాదం ఉంది.

నిజం కెమెరాలతో చేయలేని ఇంకో పని కూడా కంప్యూటర్లో సాధ్యం. ఒకే దృశ్యంలో పాత్రకి ఓ ఎడం, వెనకున్న కొండలకి వేరే ఎడం పెట్టొచ్చు. 2008లో డిస్నీ తీసిన ‘బోల్ట్’లో ఈ పద్ధతి వాడారు. దీనివల్ల ముఖం అట్టముక్కలా చదునుగా కాకుండా గుండ్రంగా వస్తుంది, వెనకున్న లోతూ హద్దులో ఉంటుంది. డిస్నీలో త్రీడీ పనిని నడిపిన రాబర్ట్ న్యూమన్ సినిమా మొత్తానికీ ‘డెప్త్ స్కోర్’ తయారుచేసుకునేవాడు. సంగీత దర్శకుడు ఏ సన్నివేశంలో వయొలిన్ మెల్లగా మోగాలో, ఎక్కడ డప్పులు దద్దరిల్లాలో రాసుకున్నట్టే... ఎక్కడ లోతు ఎంత ఉండాలో ముందే గీసుకోవడమన్నమాట.

వెనకవైపు వంటిల్లు

కంప్యూటర్ బొమ్మలు కాకపోయినా ఇక్కడ చెప్పుకుని తీరాల్సిన సినిమా ‘కోరలైన్’. చేత్తో చేసిన బొమ్మల్ని కొంచెం కొంచెం కదుపుతూ హెన్రీ సెలిక్ తీసిన ఈ సినిమా కూడా 2009లోనే విడుదలైంది. కోరలైన్ అనే చిన్నమ్మాయిని అమ్మానాన్నలు పట్టించుకోరు. ఎప్పుడూ పనే. ఓరోజు ఇంట్లో ఓ చిన్న తలుపు తెరిస్తే అవతల అచ్చం ఇలాంటి ఇల్లే... కానీ అక్కడి అమ్మ రుచిగా వండి పెడుతుంది, నవ్వుతుంది. కళ్ల స్థానంలో మాత్రం గుండీలుంటాయి.

వంటిల్లు రెండు చోట్లా ఒకటే. కానీ అసలింటి వంటిల్లు సెట్‌ని లోతు లేకుండా కుదించి, నేలని ఏటవాలుగా లేపి కట్టారు. మామూలు కంటికి అది గదిలాగే ఉంటుంది, కళ్లజోడులోంచి చూస్తే ఊపిరాడనట్టుంటుంది. అవతలి వంటిల్లుని నిజంగా లోతుగా కట్టారు. తలుపు దాటగానే కోరలైన్‌తోపాటు చూసేవాళ్లకీ ‘హమ్మయ్య, చోటు దొరికింది’ అనిపిస్తుంది. ఆ హాయే ఉచ్చు. అమ్మాయి ఎందుకు మోసపోయిందో ఎవరూ వివరించక్కర్లేదు. అప్పటికే ప్రేక్షకులు కూడా మోసపోయి ఉంటారు!

2010లో వచ్చిన ‘హౌ టు ట్రైన్ యువర్ డ్రాగన్’లో ఇంకో చక్కని దృశ్యం ఉంది. హికప్ అనే కుర్రాడు డ్రాగన్ వైపు చెయ్యి చాచి ముఖం పక్కకి తిప్పేసుకుంటాడు. అరచేతికీ దాని ముక్కుకీ మధ్య జానెడు ఖాళీ. అది దగ్గరికి వస్తుందా, రాదా? మామూలు తెర మీద ఆ ఖాళీ ఉందని తెలుస్తుంది. త్రీడీలో దాన్ని కళ్లు కొలుస్తాయి. డ్రాగన్ ఆ జానెడూ దాటి ముక్కు ఆనించినప్పుడు రెండు జాతుల పగ తీరిపోవడం మొదలవుతుంది. లోతు కథ చెప్పడమంటే అదే.

పిల్లల కళ్లు చిన్నవి కదా!

లోతు ఎంత కావాలంటే అంత పెంచేయడానికి లేదు. త్రీడీ చూసేటప్పుడు కంటిపాప ఫోకస్ తెర మీదే ఉండాలి. కానీ రెండు చూపులూ కలిసేది తెరకి ముందో వెనకో. బయటి లోకంలో ఈ రెండూ ఎప్పుడూ ఒకేచోట జరుగుతాయి. థియేటర్లో విడిపోతాయి. ఆ పెనుగులాట ఎక్కువసేపు సాగితే తలనొప్పీ కళ్లు లాగడమూ మొదలవుతాయి. తెరకి వెనకున్న వస్తువు తాలూకు రెండు బొమ్మల మధ్య దూరం కళ్ల ఎడం కన్నా మించితే ఇంకా ఇబ్బంది. అప్పుడు రెండు కళ్లూ చెరోవైపుకీ తిరగాలి. దేవుడు కళ్లని అలా తిరగమని పంపలేదు.

యానిమేషన్ సినిమాలకి వచ్చేవాళ్లలో చాలామంది పిల్లలే. వాళ్ల కళ్ల మధ్య ఎడం పెద్దవాళ్ల కన్నా తక్కువ కాబట్టి, అదే దృశ్యం వాళ్లకి ఇంకాస్త లోతుగా కనిపిస్తుంది. ఇబ్బంది పెట్టే హద్దు కూడా వాళ్లకి ముందే వచ్చేస్తుంది. నాన్నకి హాయిగా ఉన్న షాట్ పక్క సీట్లోని ఆరేళ్ల పిల్లకి కష్టం కావచ్చు. అందుకే మంచి స్టూడియోలు లోతు విషయంలో పొదుపు పాటిస్తాయి.

షాట్లు మార్చడంలోనూ జాగ్రత్త తప్పదు. ఓ షాట్‌లో చూపు తెరకి ముందుంటే, వెంటనే తర్వాతి షాట్ దూరంగా ఉన్న కొండ మీదికి వెళ్లిపోకూడదు. కళ్లకి సర్దుకునే వ్యవధి ఇవ్వాలి. అందుకే షాట్లు కాస్త నిదానంగా సాగుతాయి, లోతుని ఒకదాన్నుంచి ఒకదానికి మెల్లగా అందిస్తారు. తెర అంచుదీ ఓ పేచీ. ముందుకొచ్చిన పాత్ర భుజాన్ని తెర అంచు కోసేస్తే మెదడు ఒప్పుకోదు. ‘వెనకున్న అంచు ముందున్న మనిషినెలా కప్పుతుంది?’ అని తిరగబడుతుంది. 2007 నాటి ‘మీట్ ద రాబిన్సన్స్’లో ఫిల్ మెక్‌నాలీ బృందం దీనికో ఉపాయం వాడింది. రెండు కళ్ల బొమ్మలకీ పక్కల్లో సన్నని నల్లపట్టీలు వేసి, అవసరాన్నిబట్టి కిటికీ చట్రాన్నే ముందుకీ వెనక్కీ జరిపింది. థియేటర్ చీకట్లో ఆ పట్టీల్ని ఎవరూ గమనించరు. గమనించకపోవడమే వాటి గొప్పదనం.

అందరికీ కనిపించదు

చెక్కబ్యాటు బంతి సినిమా ‘హౌస్ ఆఫ్ వ్యాక్స్’ దర్శకుడు ఆంద్రే డి టోత్‌కి ఒక కన్ను లేదు. అంటే ఆ రోజుల్లో అంత పేరు తెచ్చుకున్న త్రీడీ సినిమాలోని లోతుని దాన్ని తీసిన మనిషే చూడలేకపోయాడు!

ఆయన ఒక్కడే కాదు. మెల్లకన్నుతోనో, చిన్నప్పుడే ఒక కన్ను మందగించడంతోనో రెండు చూపుల్నీ కలపలేనివాళ్లు ప్రతి ఊళ్లోనూ ఉంటారు. చాలామందికి ఆ సంగతి తెలియను కూడా తెలియదు. అమెరికాలోని మౌంట్ హోల్యోక్ కాలేజీలో న్యూరోబయాలజీ చెప్పిన సూ బ్యారీకి పసితనం నుంచీ మెల్ల ఉంది. 48 ఏళ్ల వయసులో కంటి వ్యాయామాలతో ఆమెకి లోతు కనిపించడం మొదలైంది. అంతకుముందు మంచు కురిస్తే ఎదురుగా ఓ తెర మీద కురుస్తున్నట్టు ఉండేదట. ఆ తర్వాత మాత్రం ఒక్కో మంచురేకూ తన చుట్టూ, వేరువేరు దూరాల్లో రాలడం చూసి నిలబడిపోయిందామె. వైద్యుడూ రచయితా అయిన ఆలివర్ శాక్స్ 2006లో ఆమె గురించి రాశాక లోకానికి తెలిసింది. బ్రూస్ బ్రిడ్జ్‌మన్ కథ ఇంకా విచిత్రం. ఆయనా చూపు మీద పరిశోధనలు చేసిన శాస్త్రవేత్తే. 2012లో, 67వ ఏట ‘హ్యూగో’ అనే త్రీడీ సినిమాకి వెళ్లాడు. తనకి లోతు కనిపించదని తెలిసినా, అద్దె కట్టి కళ్లజోడు తీసుకున్నాడు. సినిమా మొదలవగానే పాత్రలు తెరలోంచి విడివడి కనిపించాయి. బయటికొచ్చాక వీధి దీపం కూడా వెనకున్న వాటి నుంచి వేరుగా నిలబడి ఉంది!

ఇలాంటివి అందరికీ జరుగుతాయని కాదు. అమ్మానాన్నలకి పనికొచ్చే మాట మాత్రం ఇందులో ఉంది. త్రీడీ సినిమాలో పక్క పిల్లలంతా కేరింతలు కొడుతుంటే మీవాడికి ఏమీ కనిపించకపోయినా, మాటిమాటికీ కళ్లజోడు తీసేస్తున్నా, తలనొప్పంటున్నా పేచీ పెడుతున్నాడని కసరకండి. ఓసారి కంటి డాక్టరుకి చూపించండి. మందగించిన కన్నుకి చిన్నవయసులో చేసే చికిత్సే బాగా పనిచేస్తుంది. కొన్నిసార్లు టిక్కెట్టు డబ్బులకి సినిమా కన్నా విలువైన కబురు దొరకొచ్చు.

మోజు పోయింది... పాఠం మిగిలింది

2009 చివర్లో వచ్చిన ‘అవతార్’ తర్వాత ప్రపంచమంతా త్రీడీ వెంట పడింది. హడావిడిగా మార్చిన సినిమాలూ చాలానే వచ్చాయి. లోతు ఎందుకో తెలియని లోతు, ఎక్కువ టిక్కెట్టు, మసక చీకటి కళ్లజోడు... జనానికి విసుగొచ్చింది. ఇళ్లలోకొచ్చిన త్రీడీ టీవీలూ నిలవలేదు. 2017కల్లా పెద్ద కంపెనీలు వాటి తయారీ మానేశాయి. కళ్లజోడు తప్పు ఇందులో లేదు. ఏమీ చెప్పనివాడు గొంతు పెంచితే ఎవరు వింటారు?

‘అప్’ని మామూలు టీవీలో చూసినా కన్నీళ్లొస్తాయి. అది నిజం. నేపథ్య సంగీతం తీసేసినా మంచి కథ కథే. అలాగని సంగీతం అక్కర్లేదని ఎవరూ అనరు. లోతూ అలాంటిదే. కథ దగ్గర చెప్పడానికి ఏదైనా ఉంటే దాన్ని గుండె దాకా మోసుకొస్తుంది. లేకపోతే ముఖం మీద బంతి కొట్టి వెళ్లిపోతుంది.

ఈసారి పిల్లలతో కలిసి త్రీడీ యానిమేషన్ సినిమాకి వెళ్తే ఓ పని చేయండి. డ్రాగన్లు ఎగిరేటప్పుడు ఎలాగూ చూస్తారు. పాత్ర ఒంటరిగా కూర్చున్నప్పుడు... దాని వెనకున్న గోడ ఎంత దూరంలో ఉందో చూడండి!